జార్జియా ఎర్రమట్టిలో పైన్ తోట: నా అనుభవం

అట్లాంటా చుట్టుపక్కల ఉండే తెలుగువాళ్లకు లాబ్లాలీ పైన్ అన్న పేరు తెలియకపోవచ్చు గానీ, దాని పుప్పొడి తెలియనివారు ఉండరు. మార్చి నెలాఖరులో కారు అద్దాల మీద, గుమ్మం ముందు పసుపు చల్లినట్టు పరుచుకునే పొడిలో చాలా భాగం పైన్ చెట్లదే. ఇక్కడి ఇళ్ల గోడల లోపల ఉండే చెక్క చట్రంలోనూ ఈ చెట్టు కలప తరచుగా కనిపిస్తుంది. ఇంత దగ్గరగా ఉన్న చెట్టును నేను పట్టించుకున్నది మాత్రం భూమి కొన్నాకే.

2011 మొదట్లో అగస్టా వైపు వెళ్లే దారిలో ముప్పై ఎకరాల పైచిలుకు కొన్నాం. చవగ్గా ఎందుకు వచ్చిందో చూడగానే తెలుస్తుంది. పాత యజమాని అంతకు ముందు శరదృతువులో చెట్లన్నీ కొట్టి అమ్మేశాడు. ఎటు చూసినా మోడులు, విరిగిన కొమ్మల గుట్టలు, యంత్రాల చక్రాలు దిగబడిన గోతులు. మా ఆయన పెదవి విరిచారు. ఆ నేలలో మళ్లీ పైన్ వేద్దామని పట్టుబట్టింది నేనే.

మా నాన్న ప్రకాశం జిల్లాలో జామాయిల్, సుబాబుల్ వేసిన రైతు. నాలుగైదేళ్లకు నరికించి, పేపరు మిల్లుకు టన్నుల లెక్కన తోలడం ఆయనకు తెలిసిన పద్ధతి. ఫోనులో విషయం చెప్పగానే, "ఎన్నేళ్లకు కోతకు వస్తుందమ్మా?" అన్నారు.

"మధ్య మధ్య కొన్ని చెట్లు తీసి మొదటిసారి పలచన చేయడానికే పద్నాలుగు, పదిహేనేళ్లు పడుతుంది నాన్నా. పూర్తి కోత అంటే ముప్పై దాకా."

"మోడు మళ్లీ చిగురిస్తుందా?"

"చిగురించదు. మళ్లీ నారు వేయాల్సిందే."

"అయితే ఆ డబ్బేదో బ్యాంకులో వేసుకోకూడదా తల్లీ!"

ఆయన లెక్క తప్పేమీ కాదు. కానీ ఈ నేల చరిత్ర తెలిశాక నాకు ఆసక్తి పెరిగింది. మా భూమిలో వాలు పొడవునా మోకాలి ఎత్తు మట్టికట్టలు వంపులు తిరుగుతూ పోతాయి. అవి ఒకప్పటి పత్తి చేల గట్లు. ఈ ప్రాంతంలో పత్తి వేసి వేసి పైమట్టి అంతా కొట్టుకుపోయింది, మిగిలింది ఎర్రటి బంకమట్టి. 1910ల్లో పత్తి కాయ ముక్కు పురుగు జార్జియాలోకి దిగింది, తరువాత ధరలు పడిపోయాయి, రైతులు చేలు వదిలేసి వెళ్లిపోయారు. ఆ బీళ్లను మొదట ఆక్రమించినవాటిలో లాబ్లాలీ ఒకటి. అందుకే దీన్ని ఇక్కడి పాతకాలం వాళ్లు 'బీడు పైన్' అనే అర్థం వచ్చే పేరుతో పిలిచేవారు.

నిజానికి అంతకు ముందు ఈ చెట్టు బతుకు ఎక్కువగా వాగుల పక్కన, చెమ్మ నేలల్లో. మెట్ట అడవుల్లో తరచుగా మంటలు వచ్చేవి. లేత లాబ్లాలీ మంటకు ఆగదు. లాంగ్‌లీఫ్ పైన్ అనే ఇంకో రకం పిల్లమొక్క మొదటి ఏళ్లలో గడ్డి దుబ్బులా నేలకు అంటుకుని ఉండి మంటను తట్టుకుంటుంది, లాబ్లాలీకి ఆ విద్య లేదు. మంటలను ఆర్పడం మొదలయ్యాక, చేలు బీళ్లయ్యాక దీనికి దారి దొరికింది. రెక్క ఉన్న గింజ అక్టోబరు నుంచి గాలికి ఎగిరి వస్తుంది. దానికి కావలసినవి రెండే: గడ్డి లేని మట్టి, నెత్తిన ఎండ. నాకు తరువాత ఎదురైన ప్రతి పనీ, ప్రతి ఖర్చూ ఈ ఎండ దగ్గరికే వచ్చి ఆగింది.

తోట వేయాలనుకునేవారు మొదట చేయాల్సింది ఫారెస్టరును, అంటే అడవుల పెంపకం తెలిసిన నిపుణుణ్ణి కలవడం. రాష్ట్ర అటవీ కమిషన్ తరఫున కౌంటీకి వచ్చే ఫారెస్టరు ఉచితంగానే భూమి చూసి సలహా చెబుతారు. అమ్మకాలు, కాంట్రాక్టులు చూసిపెట్టడానికి విడిగా కన్సల్టింగ్ ఫారెస్టర్లు ఉంటారు, వాళ్లకు అమ్మకంలో కమిషన్ ఇవ్వాలి. మా భూమి చూసిన ఫారెస్టరు చెప్పిన మొదటి మాట, "ఈ ఏడాది ఏమీ వేయకండి." పచ్చి మోడుల వాసనకు పేల్స్ వీవిల్ అనే ముక్కు పురుగు వస్తుందట. మోడు వేర్లలో గుడ్లు పెట్టి, పక్కన లేత మొక్క కనిపిస్తే దాని బెరడు చుట్టూ కొరికేస్తుంది. వేసవి దాటాక నరికిన చోట ఒక ఏడాది ఆగితే మోడులు పాతబడతాయి, పురుగు వేరే చోటు వెతుక్కుంటుంది.

ఆ ఆగిన ఏడాదిలో నేల ఖాళీగా ఉంటుందా! స్వీట్‌గమ్ అనే వెడల్పాకు చెట్టు మోడులన్నీ గుత్తులు గుత్తులుగా చిగురించాయి. వేసవి చివర్లో ఇమజాపిర్ కలుపు మందు కొట్టించాం. తమాషా ఏమిటంటే ఆ మందు పైన్‌ను పెద్దగా బాధించదు. అదే దాని గొప్ప, అదే చిక్కు కూడా. గాలికి వచ్చి మొలిచిన అడ్డదిడ్డపు పైన్ మొక్కలు కూడా బతికిపోతాయి కాబట్టి గ్లైఫోసేట్ అనే మరో మందు కూడా కలిపి కొట్టారు. ఆకు ఎండాక, అనుమతి తీసుకుని, చుట్టూ అగ్గి దాటకుండా మట్టి గీతలు దున్నించి తగలబెట్టించాం. ఖర్చులో పెద్ద భాగం ఈ నేల తయారీకే పోయింది. నారు ఖరీదు దాని ముందు ఒక లెక్క కాదు.

నారు విషయంలో మాత్రం చవక చూసుకోకూడదని నా అభిప్రాయం. నార్త్ కరోలినా స్టేట్ యూనివర్సిటీలో 1956 నుంచి ఈ చెట్ల వంశాభివృద్ధి పని సహకార పద్ధతిలో నడుస్తోంది. నిటారుగా, వేగంగా పెరిగే చెట్లను అడవుల్లో వెతికి, కొమ్మలు తెచ్చి అంటుకట్టి, విత్తన తోటలు వేసి, వాటి సంతానాన్ని పరీక్షించి, మళ్లీ అందులో మేలైనవి ఏరి, ఇలా తరాల తరబడి. ఒక్క తరానికే ఎంత ఓపిక కావాలో చూడండి: ఈ మార్చిలో ఆడ కంకి మీద పడిన పుప్పొడి ఫలదీకరణ చేసేది వచ్చే ఏడాది వసంతంలో. కాయ ముదిరేది ఆ అక్టోబరుకు. మేము తల్లి చెట్టు మాత్రమే తెలిసిన రకాన్ని, తుప్పు తెగులును తట్టుకునేదాన్ని తీసుకున్నాం. తల్లిదండ్రులిద్దరినీ ఎంచి చేతితో పరాగసంపర్కం చేయించిన రకం ఖరీదు ఎక్కువ.

నాటింది 2012 జనవరిలో. ఇక్కడ నాట్లు డిసెంబరు నుంచి మార్చి మధ్య వరకు, మొక్క నిద్రలో ఉన్నప్పుడు. నారుమడి నుంచి మట్టి దులిపేసిన మొక్కలు వేర్లకు జిగురు పట్టించి, సంచికి వేయి చొప్పున వచ్చాయి. జానెడు, జానెడున్నర ఎత్తు, పెన్సిలు అంత కూడా లేని కాండం. వాటిని నీడలో, చల్లగా ఉంచాలి. వేరు గాలికి ఆరితే పైకి పచ్చగానే కనిపించి నాటిన తరువాత చచ్చిపోతుంది.

నాటే ముఠాలో అందరూ మెక్సికో, గ్వాటెమాలా మనుషులు, హెచ్-2బీ వీసా మీద సీజనుకు వచ్చినవారు. మా ఆయనవీ నావీ, ఇద్దరి అమెరికా జీవితాలూ హెచ్-1బీలో మొదలైనవే. ఒక్క అంకె తేడాతో ఎవరు ఎక్కడ నిలబడతారో ఆ ఉదయం తీరిగ్గా ఆలోచించడానికి నాకు సమయం దొరికింది, వాళ్లకు దొరకలేదు. మంచి పనివాడు రోజుకు రెండు వేల మొక్కలు అవలీలగా నాటుతాడు. మేస్త్రీ ఎలా నాటాలో నాకు నెమ్మదిగా చేసి చూపించాడు. చదునైన ఇనుప పలుగును కాలితో నొక్కి నేలలో దించాడు. వెనక్కు గుంజి సందు చేశాడు. మొక్కను అడుగుదాకా దోపి, వేర్లు నిటారుగా జారేలా కాస్త పైకి లాగాడు. మళ్లీ పలుగును రెండంగుళాల అవతల దించి, మట్టిని వేరు మీదికి నెట్టి మూసి, మడమతో తొక్కాడు. వేరు మొదలు నేలకు రెండు మూడు అంగుళాల లోపలికి పోయేంత లోతుగా నాటడమే మంచిదట. వేరు వంకీ తిరిగితే చెట్టు ఏళ్ల తరువాత కూడా గాలికి ఒరుగుతుంది. సరిగ్గా నాటారో లేదో చూడటానికి ఒక పద్ధతి ఉంది. కొసన రెండు సూది ఆకులు పట్టుకుని లాగాలి. సూదులు తెగి చేతికి వస్తే నాటు గట్టిది, మొక్కే పైకి వస్తే కాదు. నేను సాలు పొడవునా వంగి లాగుతుంటే మేస్త్రీ నవ్వుకున్నాడు.

ఎడం: సాళ్ల మధ్య 12 అడుగులు, మొక్కల మధ్య 6. ఎకరానికి 605 మొక్కలు. వసంతంలో సాళ్ల మీద మళ్లీ కలుపు మందు, ఈసారి తేలిక మోతాదులో. మొదటి ఏడాది గడ్డి చేతిలో ఓడిపోని మొక్క ఆ తరువాత ఓడిపోవడం అరుదు.

పన్ను సంగతి ఇక్కడ చెప్పాలి, మనవాళ్లు తరచుగా అడుగుతారు. జార్జియాలో కన్జర్వేషన్ యూజ్ అనే పదేళ్ల ఒప్పందం ఉంది. భూమిని కలపకో పంటకో ఉంచుతామని కౌంటీకి రాసిస్తే, మార్కెట్ ధర మీద కాకుండా సాగు విలువ మీద పన్ను వేస్తారు. తేడా చాలా పెద్దది. మధ్యలో మాట తప్పితే, ఆదా అయిన పన్నుకు రెట్టింపు కట్టించుకుంటారు. అయితే సొంత పేరు మీద తీసుకోవాలంటే యజమాని అమెరికా పౌరుడై ఉండాలని చట్టంలో ఉంది. గ్రీన్ కార్డు చాలదు. నేను పౌరసత్వ పరీక్షకు చదివినప్పుడు మా పిల్లలు దేశభక్తి అనుకున్నారు. సగం పైన్ భక్తి.

మొదటి రెండేళ్లలో కొసలు గోధుమరంగుకు తిరిగి ఎండాయి. మొవ్వు తొలిచే పురుగు. చూడటానికి భయంగా ఉంటుంది గానీ చెట్టు ఎత్తు ఎదిగాక దాని బెడద తగ్గిపోతుంది. తుప్పు తెగులు అలా కాదు. కాండం మీద బుడిపె కడుతుంది, వసంతంలో దాని మీద నారింజరంగు పొడి లేస్తుంది. ఆ పొడి ఇంకో పైన్‌కు అంటదు, ఓక్ ఆకుల మీదికి వెళ్లి, అక్కడ ఒక దశ గడిపి తిరిగి పైన్ మీదికి వస్తుంది. కాండం మీద బుడిపె ఉన్న చెట్టు అక్కడే విరుగుతుంది. మా తోటలోనూ కొన్ని ఉన్నాయి.

2014 ఫిబ్రవరిలో మంచు తుపాను వచ్చింది. కొమ్మల మీద గాజులా గడ్డకట్టిన మంచు బరువుకు మా లేత మొక్కలు నేలకు వంగిపోయాయి, కరిగాక చాలావరకు లేచి నిలబడ్డాయి. అదే తుపానులో అగస్టా నేషనల్ గోల్ఫ్ మైదానంలోని ఐసెన్‌హోవర్ చెట్టు విరిగిపోయి దాన్ని తీసేయాల్సి వచ్చింది. అదీ లాబ్లాలీయే. తన బంతులు పదే పదే దానికే తగులుతున్నాయని, కొట్టేయమని అప్పటి అమెరికా అధ్యక్షుడు ఐసెన్‌హోవర్ 1956లో క్లబ్బు సమావేశంలో ప్రతిపాదిస్తే అధ్యక్ష స్థానంలో ఉన్నాయన సమావేశాన్నే ముగించేశాడట.

ఆ తరువాత చాలా ఏళ్లు చేయడానికేమీ లేదు. ఏడెనిమిదేళ్లకు కొమ్మలు కలిసి నేల మీద ఎండ ఆగిపోయింది, కింది కొమ్మలు వాటంతటవే ఎండి రాలాయి. పచ్చని తల చెట్టు ఎత్తులో మూడో వంతుకు కుంచించకముందే పలచన చేయాలి. గుమిగూడి నీరసించిన చెట్లను బెరడు తొలిచే పెంకు పురుగు పసిగడుతుంది. బెరడు మీద పేలాల్లాంటి బంక ముద్దలు కనిపిస్తే అది వచ్చినట్టే. బలంగా ఉన్న చెట్టు ఆ బంకతోనే పురుగును బయటికి నెట్టేస్తుంది.

మేము పలచన చేయించాలనుకున్నప్పుడే, 2024 సెప్టెంబరులో హెలీన్ తుపాను దక్షిణ జార్జియాలోని వాల్డోస్టా నుంచి అగస్టా దాకా తోటలను పడగొట్టేసింది. మాది అంచున బయటపడింది. కానీ నరికేవాళ్లందరూ పడిపోయిన కలప ఎత్తే పనిలో ఉన్నారు. చిన్న తోట కోసం పెద్ద యంత్రాలు తోలుకు రావడం ఎవరికీ గిట్టుబాటు కాదు. చివరికి పక్క భూమి యజమాని తన తోటతో కలిపి టెండరు వేద్దామన్నాడు, దాంతో పని జరిగింది. ప్రతి ఐదో సాలు మొత్తం తీసేశారు, అది యంత్రాలకు దారి. మిగతా సాళ్లలో వంకరవి, పంగలు చీలినవి, బుడిపెలు కట్టినవి ఏరారు. కాగితం గుజ్జుకు పోయే సన్న కలప ధర అడుగంటింది, ఈ మధ్య కాగితం మిల్లులు మూతపడటం ఒక కారణం. చేతికి వచ్చింది నేల తయారీ ఖర్చుకు కూడా సరిపోలేదు. డబ్బు రావాల్సింది నిలిపిన చెట్ల నుంచే, అవి రంపపు మిల్లు దుంగలయ్యాక.

నేల మీద మళ్లీ ఎండ పడింది కదా, స్వీట్‌గమ్ అప్పుడే మడమ ఎత్తు లేచింది. చెట్లకు ఇప్పుడు బెరడు మందంగా ఉంది, చిన్న మంటకు తట్టుకుంటాయి. వచ్చే చలికాలం గాలి అనుకూలిస్తే కింద మంట పెట్టించడానికి అటవీ కమిషన్‌లో పేరు రాయించాను.