మా ఇంటి దెయ్యం రాళ్లకు చేయించిన పరీక్ష

మాది విజయనగరం జిల్లాలో చీపురుపల్లికి దగ్గరలోని పల్లె. మా ఇంట్లో ఒక ఇత్తడి డబ్బాలో, పసుపుగుడ్డలో చుట్టిన రెండు తెల్లని రాళ్లు మూడు తరాలుగా ఉన్నాయి. చీకట్లో ఒకదానితో ఒకటి గట్టిగా రాస్తే, రాతి లోపలి నుంచి నారింజరంగు వెలుగు క్షణంపాటు మెరిసి ఆరిపోతుంది, వెంటనే ఏదో కాలిన వాసన ముక్కుకు తగులుతుంది. నానమ్మ వాటిని దెయ్యం రాళ్లంటుంది. ఇంట్లో పురుడు వస్తే పదకొండు రోజులు ఆ డబ్బా బాలింత గది గుమ్మం పక్కన ఉండవలసిందే, ఏ సందర్భంలోనూ జంటను మాత్రం విడదీయకూడదు. "పగలయితే రాయి, సీకటయితే దెయ్యం" అని ఆమె చెబుతుంటే చిన్నప్పుడు మేము డబ్బా ఛాయలకు కూడా పోయేవాళ్లం కాదు.

పోయిన సంక్రాంతి తరువాత మా చిన్నాన్న ఆ మెరుపును ఫోనులో వీడియో తీసి నలుగురికీ పంపడంతో చిక్కు మొదలైంది. వారం తిరగకుండా ఒక మధ్యవర్తి వచ్చి, ఇది బియ్యాన్ని తనవైపు లాక్కునే రైస్ పుల్లింగ్ రాయి అనీ, లోపల అణుశక్తి ఉన్నందువల్లే వెలుగుతోందనీ, విదేశాల్లో కోట్లు పలుకుతుందనీ చెప్పాడు. తాను తెచ్చిన పళ్లెంలో, తాను తెచ్చిన బియ్యం చల్లి, మధ్యలో రాయి పెట్టగానే కొన్ని గింజలు నిజంగానే రాతివైపు జరిగాయి. ల్యాబ్ పరీక్ష ఖర్చుల పేరిట 25,000 రూపాయలు చిన్నాన్న ఫోను ద్వారా అతనికి పంపేశాడు. నేను ఇంటికి చేరేసరికి అతను వెళ్లిపోయాడు, రెండో విడతగా లక్ష అడుగుతున్నాడని మాత్రం తెలిసింది.

వాదించి లాభం లేదనిపించి, గరివిడి దగ్గర మాంగనీసు గనుల్లో ఉద్యోగం చేసి విశ్రాంతి తీసుకుంటున్న ఒక పెద్దాయన దగ్గరికి రాళ్లతో సహా చిన్నాన్నను తీసుకువెళ్లాను. మా ప్రాంతంలో 1892 నుంచీ మాంగనీసు తవ్వుతున్నారు, ఇక్కడి కోడూరు గని ఊరి పేరుమీద కోడురైట్ అనే శిలకు పేరే ఉంది. అలాంటి చోట రాళ్లు తెలిసిన మనిషి దొరకడం కష్టం కాదు.

ఆయన ముందు జేబుకత్తితో గీశారు. రాతిమీద గీత పడలేదు సరికదా, ఇనుము అరిగిన నల్లటి చార మిగిలింది. తరువాత నేలకు వేసే టైలు వెనకవైపు గరుకు భాగం మీద రాయిని రుద్దితే రంగుచార రాలేదు, టైలే గీసుకుపోయింది. సజల హైడ్రోక్లోరిక్ ఆమ్లం చుక్క వేస్తే నురగ రాలేదు కాబట్టి కాల్సైట్ అనే సున్నపు ఖనిజం కాదన్నారు. చివరిది నాకు బాగా నచ్చిన పరీక్ష. రాయి బరువు 318 గ్రాములు. కాటా మీద నీళ్లగిన్నె పెట్టి, అంకెను సున్నాకు తెచ్చి, దారానికి కట్టిన రాయిని అడుగుకు తగలకుండా నీళ్లలో ముంచితే కాటా 120 చూపింది. ఆ 120 గ్రాములు రాయి పక్కకు నెట్టిన నీటి బరువు. 318ని 120తో భాగిస్తే 2.65 వచ్చింది, అది స్వచ్ఛమైన క్వార్ట్జ్ సాంద్రత. అంటే మన పొలాల్లో కాలికి తగిలే పలుగురాయే, ఖనిజాల గట్టితనాన్ని 1 నుంచి 10 వరకు కొలిచే మోస్ కొలమానంలో 7.

"మరి అణుశక్తి?" అని చిన్నాన్న వదల్లేదు. కళింగపట్నం, భావనపాడు తీరాల ఇసుకలో థోరియం అనే రేడియో ధార్మిక మూలకం ఉన్న మోనజైట్ ఖనిజం దొరుకుతుంది నిజమే, కానీ దాని సాంద్రత 4.6కు పైమాటే. పైగా రేడియో ధార్మికత మన చెయ్యి ఆడినప్పుడు మొదలై, ఆగగానే ఆగేది కాదు. రాపిడికి పైపొరలో బంధాలు తెగి, విడివడిన విద్యుదావేశాలు మళ్లీ కలిసేటప్పుడు వెలుగు పుడుతుందనీ, నీళ్లలో రాసినా మెరుస్తుందనీ పెద్దాయన చెప్పారు. దేనితోనూ రాయకుండా ఒంటి రాయి దానంతట అది మెరవదు గనుక, నానమ్మ పెట్టిన జంట నియమం నాకు అప్పుడు కొత్తగా కనిపించింది.

బియ్యం సంగతి ఇంటికి వచ్చాక తేలింది. మధ్యవర్తి చల్లిన బియ్యంలోంచి చాపకింద దొరికిన నాలుగైదు గింజలకు పెద్దాయన ఇచ్చిన అయస్కాంతాన్ని దగ్గరగా పెట్టగానే టక్కున అతుక్కున్నాయి, గోరుతో గీకితే నల్లటి ఇనుపపొడి రాలింది. మా బస్తాలోని బియ్యం ఒక్క గింజ కూడా కదలలేదు. అంటే గింజల్ని లాగింది రాయి కాదు, అతను తెచ్చిన పళ్లెం దగ్గర ఎక్కడో దాచిన అయస్కాంతమే అయి ఉండాలి. ఆ సాయంత్రమే సైబర్ మోసాల ఫిర్యాదుల నంబరు 1930కు ఫోను చేసి, మర్నాడు పోలీసులకు కాగితం మీద కూడా ఫిర్యాదు ఇచ్చాం. డబ్బు ఇంతవరకూ రాలేదు. ఆలస్యం చేయకుండా ఆ గంటలోనే ఫోను చేసి ఉండవలసిందని ఇప్పుడనిపిస్తుంది.

చిన్నాన్న మనసు పూర్తిగా కుదుటపడింది మాత్రం ఆ రాత్రి. మా జీడితోట గట్టు మీద పడి ఉన్న రెండు పలుగురాళ్లు ఏరి తెచ్చి, వంటింట్లో దీపం ఆర్పి రాస్తే అదే నారింజ మెరుపు, అదే వాసన. నానమ్మ పీట మీద కూర్చుని చూస్తూ, చాలాసేపటికి నోరు విప్పింది: "అయితే గట్టు మీదున్నవన్నీ దెయ్యాలేనేటి?"