తాతయ్య గుంటకు అలారం

సెలవులకు ఊరికి తీసుకొచ్చిన పిల్లల్ని చుట్టాల ఇళ్లకు, గుళ్లకు తిప్పుతాం. వాళ్లు ప్రతిచోటా అతిథుల్లాగే కూర్చుంటారు. వాళ్లకు ఊళ్లో ఒక పని అప్పజెప్పాలని నాకు గట్టిగా అనిపిస్తుంది. ఈసారి మా అమ్మాయికి ఇందుకూరుపేట దగ్గర మా నాన్న రొయ్యల గుంట మీద అలాంటి పని దొరికింది.

మేముండేది ఇంగ్లండ్‌లో. అక్కడి బడిలో మైక్రోబిట్ అనే, ప్రోగ్రామ్ రాసి నడిపే చిన్న సర్క్యూట్ బోర్డుతో మొదలుపెట్టి, ఇంట్లో అలాంటిదే ఇంకో బోర్డు ఆర్డుయినో ఊనో దాకా వచ్చింది.

నాన్న టెన్షనంతా రాత్రి కరెంటు గురించే. చీకట్లో నాచు కూడా ఆక్సిజన్ వాడుకుంటుంది కాబట్టి తెల్లవారుజాముకు నీళ్లలో అది బాగా తగ్గిపోతుంది. అప్పుడు నీళ్లకు గాలి పట్టించే ఏరియేటర్లు ఆగి, కాపలా మనిషి నిద్రలో ఉంటే పంట పోయినట్టే. ఇది విని, "తాతయ్యా, కరెంటు పోతే అరిచేది నేను చేస్తా" అంది.

మెయిన్స్ వైర్ల జోలికి పోకూడదన్నాను. షెడ్డులో ఒక ఫోన్ చార్జర్‌ను ప్లగ్గులో ఉంచి, దాని 5 వోల్టులు బోర్డు పిన్నుకు, మైనస్ గ్రౌండుకు కలిపింది. కరెంటు పోగానే 10 కిలో ఓమ్‌ల రెసిస్టర్ ఆ పిన్నును సున్నా వోల్టులకు లాగుతుంది, బోర్డు అది చూసి బజర్ మోగిస్తుంది. బోర్డు మాత్రం విడిగా 12 వోల్టుల బ్యాటరీ మీద నడుస్తుంది. ఊనో 5 వోల్టులది గనక సరిపోయింది. 3.3 వోల్టుల మైక్రోబిట్‌కైతే ఆ తీగ నేరుగా తగిలించకూడదు.

"ఏందమ్మా, చార్జరే చెడిపోతే?"

"అప్పుడూ మోగుతుంది తాతయ్యా."

"బ్యాటరీ అయిపోతే?"

దానికి వెంటనే జవాబు రాలేదు. మర్నాటికి, బోర్డు పనిచేస్తున్నంతసేపు వెలిగే పచ్చ లైటు పెట్టింది. సాయంత్రం మేత వేసేటప్పుడు ఆ లైటు చూసుకోమని కాపలా మనిషికి తనే తెలుగులో చెప్పుకుంది. నేను మధ్యలో దూరలేదు.

పక్క గుంటాయన తనకూ కావాలన్నారు. బోర్డు చేసే కంపెనీ ఒప్పుకోవాలా అని నాన్న అనుమానం. 2005లో ఇటలీలోని ఇవ్రేయాలో, డిజైన్ విద్యార్థుల కోసం మొదలైన బోర్డు ఇది. సర్క్యూట్ పటాలు అందరికీ ఇచ్చేశారు. ఆర్డుయినో అన్న పేరు పెట్టుకోకుండా ఎవరైనా అలాంటిది చేసి అమ్ముకోవచ్చు. అందుకే తక్కువ ధరలో కూడా దొరుకుతుంది. మా అమ్మాయి తన ప్రోగ్రామ్‌ను కూడా అలాగే ఆయనకిచ్చింది. ఏ లైను ఏం చేస్తుందో నాన్నను అడుగుతూ తెలుగులో రాసి మరీ ఇచ్చింది.

ఇప్పుడు పక్క గుంటాయన ఫోన్లు నేరుగా మా అమ్మాయికే. బజర్ మోత దూరానికి వినపడటం లేదట, సైరన్ కావాలట. ఊనో పిన్ను నుంచి 20 మిల్లీయాంపులకు మించి తీసుకోకూడదు, సైరన్‌కు అది చాలదు కాబట్టి మధ్యలో రిలే మాడ్యూల్, అంటే బోర్డు చెబితే ఆన్ అయ్యే స్విచ్ పెట్టాలి. దాన్ని ఎలా కలపాలో ఈ ఆదివారం చెబుతానంది.