ప్రతిసారీ 286 దగ్గరే: ఆటల్ని కొత్త డ్రైవుకు మార్చే పని, మూడో విడత

దొరికింది! కొత్త డ్రైవుకు కాపీ చేసిన ఆట ఫైళ్ళలో ప్రతిసారీ ఒకటీ అరా ఎందుకు మారిపోతున్నాయో తెలిసింది. కేబుల్‌ని, కొత్త ఎస్ఎస్‌డీని, విండోస్‌ని పదకొండు రోజులు తిట్టాక తేలిందేమిటంటే తప్పు ఈ మూడింటిలో దేనిదీ కాదు. కొలతలతో సహా రాస్తున్నా. ఇవే లక్షణాలు చూసి ఇంకొకరు మంచి డిస్కును వాపసు చేసేయకూడదు.

ముందు సాఫీగా అయినవి చెప్పేస్తా. విచర్ 3, ఎల్డెన్ రింగ్: స్టీమ్ (ఆటలు కొని దించుకునే యాప్) సెట్టింగ్స్‌లో స్టోరేజ్ పేజీకి పోయి మూవ్ నొక్కడం, అంతే. ఎపిక్ (అలాంటి మరో యాప్) ఆటలు రెండూ పాత చిట్కాతోనే కదిలాయి. కొత్త డ్రైవులో ఇన్‌స్టాల్ మొదలుపెట్టి, రెండు శాతం దగ్గర ఆపి, లాంచర్ మూసి, పక్కన దాచిన పాత ఫైళ్ళు దాని మీద పోసి మళ్ళీ నడిపించడం. ఎక్స్‌బాక్స్ యాప్ ఆటను చేత్తో కాపీ చేయబోకండి, ఆ ఫోల్డర్ల అనుమతుల గోల వేరు. యాప్ లోపలే డ్రైవు మార్చే వీలుంది.

మొండికేసింది రెడ్ డెడ్ రిడెంప్షన్ 2.

పాతది 1 టీబీ, 7200 ఆర్‌పీఎం హార్డ్ డిస్క్, డి డ్రైవు. కొత్తది 1 టీబీ ఎన్‌వీఎంఈ ఎస్ఎస్‌డీ, ఇ డ్రైవు. డీర్యామ్ (సొంత చిన్న మెమరీ) లేని రకమే. ఆటలకు అది చాలు, ప్రో అని రాసినదానికి ఎక్కువ పోయడం దండగ. ర్యామ్ 8 జీబీవి రెండు, డీడీఆర్4, ఎక్స్ఎంపీ (ర్యామ్‌ను ఎక్కువ వేగంతో నడిపే అమరిక) వేసి 3200 మీద. రెడ్ డెడ్‌ను మూవ్ బటన్‌తో కాకుండా చేత్తో కాపీ చేయడానికి కారణం ఒక్కటే: మూవ్ అయ్యాక పాతచోట ఏమీ మిగలదు. ఆ జాగ్రత్తే ఈసారి కాపాడింది. స్టీమ్ మూసి, కామన్ ఫోల్డర్‌లోని ఆటను, స్టీమ్‌యాప్స్‌లో 1174180 నంబరున్న ఏసీఎఫ్ ఫైల్‌ను (ఆట సంగతి స్టీమ్‌కు చెప్పే చిట్టా) కొత్త లైబ్రరీలో పెట్టి, పాత ఏసీఎఫ్ పేరు మార్చి స్టీమ్ తెరవాలి. ఆ చిన్న ఫైల్ మరిచిపోతే స్టీమ్ ఆటే లేదంటుంది.

118 జీబీ కాపీ కావడానికి 16 నిమిషాలు పట్టింది. అంటే సెకనుకు 123 ఎంబీ, ఆ హార్డ్ డిస్కుకు తగ్గ వేగమే. ఎర్రర్ ఒక్కటీ రాలేదు. తరవాత స్టీమ్‌లో ఫైళ్ళ సమగ్రత పరీక్ష పెడితే 3 ఫైళ్ళు సరిపోలలేదంది, తెచ్చుకుంది. మళ్ళీ పెడితే 1 ఫైల్, అదీ ముందు మూడింటిలో లేనిది. మూడోసారి 2, అవీ వేరేవి. డౌన్‌లోడ్ మాత్రం ప్రతిసారీ రెండు మూడు ఎంబీలే. స్టీమ్ ఫైల్‌ను దాదాపు 1 ఎంబీ ముక్కలుగా చూసి, చెడిన ముక్కనే తెచ్చుకుంటుంది. కాబట్టి చెడుతున్నది ఫైల్‌కు ఒకటీ అరా చోటే. ఈ సంగతి మొదటిరోజే గమనించి ఉంటే పదకొండు రోజులు నాలుగయ్యేవి.

మొదటి అనుమానం హార్డ్ డిస్కును బోర్డుకు కలిపే సాటా కేబుల్. డిస్కు ఆరోగ్యం చూపే క్రిస్టల్‌డిస్క్‌ఇన్ఫోలో సీ7 లెక్క (కేబుల్ మీద వచ్చిన తప్పులు) చూస్తే సున్నా. చెడిన సెక్టార్ల లెక్కలు 05, సీ5 కూడా సున్నాలే. అయినా కేబుల్ మార్చి చూశాం కదా అన్న తృప్తికి మార్చడం, ఫలితం లేకపోవడం రెండూ జరిగాయి. అసలు కేబుల్ పాడైతే సాటా లింకులోని సీఆర్‌సీ (తప్పు పట్టే సరిచూపు అంకె) పట్టేసి మళ్ళీ పంపిస్తుంది. వేగం పడిపోతుంది, ఆ లెక్క పెరుగుతుంది. చడీచప్పుడు లేకుండా ఒక బైట్ మారడం దాని తీరు కాదు.

రెండో అనుమానం కొత్త ఎస్ఎస్‌డీ వేడి. తిరుపతిలో కత్తిరి ఎండలు, పై అంతస్తు గది, మధ్యాహ్నం మూడింటికి గోడ మీది థర్మామీటర్ 39 చూపిస్తోంది. ఎస్ఎస్‌డీ గరిష్ఠంగా 68 డిగ్రీలకు వెళ్ళింది. కానీ అటువైపు హార్డ్ డిస్కు 123 ఎంబీ చొప్పున పోస్తుంటే దీనికి చెమట పట్టే పనే లేదు. ఎస్ఎల్‌సీ క్యాష్ (ఎస్ఎస్‌డీలో వేగంగా రాసే భాగం) నిండటం అనే మాటా ఇక్కడ వర్తించదు. స్మార్ట్‌లో (డిస్కు తన ఆరోగ్యం తానే రాసుకునే చిట్టా) డేటా సమగ్రత తప్పులు సున్నా. పైగా ఎస్ఎస్‌డీలోనైనా హార్డ్ డిస్కులోనైనా ప్రతి సెక్టార్ వెంట తప్పు దిద్దే కోడ్ ఉంటుంది. చదవలేకపోతే చదవలేకపోయానని ఎర్రర్ ఇస్తాయి తప్ప, తప్పుడు బైట్‌ను నవ్వుతూ చేతికివ్వడం చాలా అరుదు.

అయితే వేడితో సంబంధం ఉందన్నది మాత్రం కొలతల్లో కనబడింది. ప్రతిసారీ ఇ డ్రైవులోది తుడిచి, కొత్తగా కాపీ చేసి, పవర్‌షెల్‌లో గెట్-ఫైల్‌హ్యాష్‌తో రెండు వైపులా షా-256 హ్యాష్ (ఫైల్‌కు వేలిముద్ర లాంటి సంఖ్య) తీసి పోల్చిన లెక్క ఇది. మధ్యాహ్నం 3 గంటలు, గది 39 డిగ్రీలు: తేడా ఉన్న ఫైళ్ళు 3. ఉదయం 6, గది 30: సున్నా. మధ్యాహ్నం రెండున్నర, 38: 2. కొండ మీద వాన పడి కిందికి చల్లగాలి దిగిన సాయంత్రం, 31: సున్నా. మళ్ళీ 39లో, క్యాబినెట్ పక్క రేకు తీసి టేబుల్ ఫ్యాన్ ఎదురుగా పెడితే: 1. హ్యాష్‌కి పట్టే సమయం ఇ వైపు ఏడెనిమిది నిమిషాలు, డి వైపు పద్నాలుగు. ఒక్కో విడతకు నలభై నిమిషాలు వేసుకోండి. మా యూపీఎస్ పది నిమిషాలు మించి ఆగదు. కరెంటు పోయి రెండు విడతలు మధ్యలో ఆగాయి, వాటిని లెక్కలో వేయలేదు.

దారి తప్పించింది రోబోకాపీ, విండోస్‌లోనే ఉండే కాపీ కమాండ్. అంతవరకు వాడింది మామూలు ఎక్స్‌ప్లోరర్ కాపీ. స్లాష్ ఇ, స్లాష్ జె, స్లాష్ ఆర్:1, స్లాష్ డబ్ల్యూ:1 పెట్టి నడిపితే 39 డిగ్రీల్లో కూడా వరసగా రెండుసార్లు సున్నా తేడా! (ఆర్, డబ్ల్యూ మరిచిపోకండి. ఊరికే వదిలేస్తే చెడ్డ ఫైల్‌ను 30 సెకన్లకోసారి పది లక్షలసార్లు ప్రయత్నించేలా ఉంటుంది దాని సహజ అమరిక.) జె అంటే విండోస్ ఫైల్ క్యాష్‌ను (ఫైళ్ళను తాత్కాలికంగా ర్యామ్‌లో దాచే చోటు) తాకకుండా కాపీ. దాంతో రైట్ క్యాష్‌దే దోషమని మూడు రోజులు దాని వెంట పడటం అయింది. నిజానికి అది ఆధారమే, నేనే దాన్ని తప్పుగా అర్థం చేసుకున్నా. జె ఉన్నప్పుడు ర్యామ్‌లో కొద్దిపాటి చోటునే (బఫర్లు) మళ్ళీ మళ్ళీ వాడుతుంది. జె లేనప్పుడు 118 జీబీ ప్రవాహం ఖాళీ ర్యామ్ మొత్తాన్ని పదిసార్ల దాకా తడుపుతూ పోతుంది. ర్యామ్‌లో ఎక్కడో ఒక చుక్క పుచ్చి ఉంటే, మొదటి పద్ధతిలో దాన్ని తొక్కే అవకాశం చాలా తక్కువ. రెండో పద్ధతిలో తొక్కక తప్పదు.

అది తట్టింది ఇంకో వింత చూశాకే. డి డ్రైవులో ఎవరూ తాకని మూల ఫైల్‌కు హ్యాష్ తీస్తే ఒక మధ్యాహ్నం వేరే విలువ వచ్చింది. వెంటనే మళ్ళీ తీస్తే అదే తప్పు విలువ. రీస్టార్ట్ చేసి తీస్తే సరైనది! డిస్కు మీది ఫైల్ ఎప్పుడూ మంచిదే. మొదటిసారి చదివినప్పుడు ర్యామ్‌లో చెడిన కాపీ ఉండిపోయింది. రెండోసారి విండోస్ డిస్కు దాకా పోకుండా ఆ కాపీనే చూపించింది. రీస్టార్ట్ అక్కర్లేకుండా చూడాలంటే సిస్‌ఇంటర్నల్స్ వాళ్ళ ర్యామ్‌మ్యాప్‌లో ఎంప్టీ స్టాండ్‌బై లిస్ట్ నొక్కితే క్యాష్ ఖాళీ అవుతుంది. టెరాకాపీ లాంటివాటిలో కాపీ తరవాత సరిచూసే వీలుంది, మంచిదే. కానీ ఆ సరిచూపు ర్యామ్‌లోని కాపీనే చదివితే ఏం లాభం? క్యాష్ ఖాళీ చేశాకే నమ్మాలి. స్టీమ్ పరీక్ష కూడా ఇదే ర్యామ్ గుండా చదువుతుంది కాబట్టి, బాగున్న ఫైల్‌ను చెడిందని ప్రతిసారీ కొత్త పేరు చెప్పింది. పాపం దాని తప్పేం లేదు.

ఇక అసలు ముడి విప్పింది ఎఫ్‌సీ కమాండ్, స్లాష్ బి తో. రెండు ఫైళ్ళను బైట్ బైట్‌గా పోల్చి, తేడా ఉన్న స్థానం, రెండు విలువలు హెక్స్‌లో (16 ఆధారంగా లెక్కించే అంకెల్లో) ఇస్తుంది. 3 జీబీ దాటిన ఒక ఆర్‌పీఎఫ్ (ఆట డేటా) ఫైల్ మీద, మూడు వేరువేరు కాపీల్లో వచ్చినవి ఇవి:

19730286: 45 65
05941286: 13 33
88012286: 50 70

చివరి మూడు అంకెలు చూడండి. ప్రతిసారీ 286! ర్యామ్‌ను విండోస్ 4096 బైట్ల పేజీలుగా పంచుతుంది. హెక్స్‌లో అది 1000. అందుకే స్థానంలో చివరి మూడు హెక్స్ అంకెలు పేజీ లోపల చోటు. ఫైల్‌లో ఎక్కడి ముక్క వచ్చి కూర్చున్నా, ఆ ఒక్క భౌతిక పేజీలో 286వ బైట్ దగ్గరే దెబ్బ తగులుతోంది. విలువలు కూడా చూడండి: 45 పోయి 65, 13 పోయి 33, 50 పోయి 70. మూడింటిలోనూ తేడా హెక్స్ 20, అంటే ఒకే బిట్, అదీ 0 ఉండాల్సిన చోట 1. డిస్కుకు ఇంత క్రమశిక్షణ ఉండదు. ఇది ర్యామ్ చిప్పులో ఒకే ఒక్క గడి.

విండోస్ మెమరీ డయాగ్నస్టిక్ ఏమీ లేదంది. ర్యామ్‌ను పరీక్షించే మెమ్‌టెస్ట్86 ఉచిత రకం నాలుగు పాస్‌లు (పూర్తి చుట్లు) ఇస్తుంది. తెల్లవారుజామున పెడితే మూడున్నర గంటలు నడిచి శుభ్రంగా పాస్! అక్కడే ఆపేసి ఉంటే కథ మళ్ళీ కేబుల్ దగ్గరికి పోయేది. అదే మధ్యాహ్నం రెండింటికి పెడితే రెండో పాస్‌లో ఎర్ర గీత: అడ్రస్ చివర 284, తప్పు బిట్లు 00200000. 284 నుంచి నాలుగు బైట్ల ముక్కగా చూపిస్తుంది కాబట్టి, అందులో 20 పడేది మూడో బైట్ మీద, అంటే 286. ఎఫ్‌సీ చెప్పినదీ, మెమ్‌టెస్ట్ చెప్పినదీ అచ్చంగా ఒకటే. అరిచినంత పనైంది.

ఒక్కో ర్యామ్ విడివిడిగా, అదే స్లాట్‌లో, అదే ఎండలో పెడితే మొదటిది శుభ్రం, రెండోది తప్పు. అడ్రస్ మారింది, ఒక్క ర్యామే ఉంటే అడ్రస్‌ల అమరిక మారుతుంది కదా. బిట్ మాత్రం అదే. ఎక్స్ఎంపీ తీసేసి 2666కి దించితే ఆ రెండోదే రెండు మధ్యాహ్నాలు తప్పు లేకుండా నడిచింది. అట్లని దాన్ని నమ్మలేం. ఇవాళ 39లో జారేది రేపు 35లో జారదని ఏముంది? ర్యామ్ మీద రంగురంగుల దీపాలకు పెట్టే డబ్బు చిప్పు ఏరికకు పెడితే బాగుండేది. కంపెనీ పేరు ఎందుకులెండి.

విండోస్‌లోనే ఇంకో దారి ఉంది. విండోస్ బూట్ అమరికలు మార్చే కమాండ్ బీసీడీఎడిట్‌లో బ్యాడ్‌మెమరీలిస్ట్ అని, చెడిన పేజీ నంబరు ఇస్తే దాన్ని ఇంకెప్పుడూ వాడదు. ఆ నంబరు ఏమిటంటే మెమ్‌టెస్ట్ ఇచ్చిన పూర్తి హెక్స్ అడ్రస్‌లో చివరి మూడు అంకెలు కొట్టేస్తే మిగిలేదే. పెట్టి, 39లో ఎక్స్‌ప్లోరర్ కాపీ ఒకటి చేస్తే తేడా సున్నా. ముచ్చటగానే ఉంది, కానీ ర్యామ్‌లు అటూ ఇటూ మార్చినా, ఒకటి తీసినా నంబరు పనికిరాదు. వారంటీ ఉన్నదానికి ఈ పూత వేయడం దేనికి?

ఇప్పటికి ఒక్క 8 జీబీతోనే నడుస్తోంది. రెడ్ డెడ్ 2 దాని మీదే మధ్యాహ్నం ఎక్స్‌ప్లోరర్‌తో కాపీ అయింది, క్యాష్ ఖాళీ చేసి హ్యాష్ పోల్చాను, తేడా సున్నా, స్టీమ్ పరీక్షా దాటింది. ఆడటానికి 8 జీబీ ఇరుకే, ఊళ్ళోకి గుర్రం దిగేసరికి నత్తి వస్తోంది. పర్లేదు.

మిగిలిన పెద్ద పని: ఈ పుచ్చు ర్యామ్ మీదుగా ఇదివరకే కదిలిపోయిన ఆటలన్నీ అనుమానితులే. సాఫీగా అయ్యాయని పైన ఒక్క ముక్కలో రాసేసిన విచర్, ఎల్డెన్ రింగ్ కూడా. స్టీమ్, ఎపిక్ ఆటలకు పరీక్ష పెడితే మూలం సర్వర్‌లో ఉంది కాబట్టి దిద్దుకుంటాయి. మాడ్లు, సేవ్ ఫైళ్ళకు ఆ దిక్కు లేదు. రెడ్ డెడ్ సేవ్‌లు డాక్యుమెంట్స్‌లో రాక్‌స్టార్ గేమ్స్ ఫోల్డర్ కింద ప్రొఫైల్స్‌లో ఉంటాయి. వాటికి ఫిబ్రవరిలో పెన్‌డ్రైవులో వేసిన నకలు ఉంది, ముందు దానితో ఎఫ్‌సీ కొట్టాలి. అప్పటినుంచి మారని ఫైళ్ళలో తేడా వస్తే ఎక్కడ వచ్చిందో చూస్తా, చివర 286 ఉంటే మీకూ చెబుతా.

శనివారం పొద్దున బస్సుకు చెన్నై. చెడింది ఒక్కటే అయినా వారంటీ వాళ్ళు ర్యామ్ జత రెండూ తీసుకురమ్మన్నారు. కిట్‌గా కొన్నది కిట్‌గానే మార్చుతారట. అంటే శనివారం నుంచి పీసీ ఖాళీ. వాళ్ళు నెల అంటే చెన్నైలో ఎలక్ట్రానిక్స్ దుకాణాలుండే రిచీ స్ట్రీట్‌లో ఒక 8 జీబీ పాతది దొరుకుతుందేమో చూడాలి, తెచ్చిన రోజే మధ్యాహ్నం రెండింటికి మెమ్‌టెస్ట్ ఎక్కించాలి. అంతవరకు డి డ్రైవు ఫార్మాట్ చేసేది లేదు.