పన్నెండుంపావుకి హెలెనా చేరాలి

అమెరికాలో మెంఫిస్ నుంచి దక్షిణంగా 61వ నంబరు హైవే ఎక్కితే కాసేపటికే ఊళ్లు పలచబడి, రెండు వైపులా పత్తి చేలే మిగులుతాయి. మాది గుంటూరు వైపు కాబట్టి పత్తి నాకు కొత్త కాదు. ఇక్కడ చేలో మనిషి కనపడడు, అదే కొత్త. ఇప్పుడంతా యంత్రాలే. ఒకప్పుడు ఈ చేలన్నీ నల్లజాతి కూలీలతో, కౌలు రైతులతో నిండి ఉండేవి. మేం చూడబోయే రేడియో స్టేషన్ కథంతా వాళ్లదే.

"రేడియో స్టేషన్ చూడ్డానికి ఇంత దూరమా?" అన్నారు మా బావగారు, కారు నడుపుతూ.

"మీరూ సిలోన్ రేడియో విన్నవారే కదా బావగారూ" అన్నాను. అక్కడి తెలుగు అనౌన్సరు మీనాక్షి పొన్నుదొరై గారి గొంతు గుర్తొచ్చి ఉంటుంది, ఇంకేం మాట్లాడలేదు.

49వ నంబరు రోడ్డులోకి తిరిగి, మిసిసిపీ నది మీద పాత ఇనుప వంతెన దాటితే అర్కాన్సా రాష్ట్రంలోని హెలెనా వస్తుంది. చుట్టూ నేల అరచేయిలా చదునుగా ఉంటే, ఈ ఊరి వెనక మాత్రం గుట్టల వరుస లేచి ఉంటుంది. ఒకప్పుడు పత్తి వ్యాపారంతో, పడవల రాకపోకలతో కిటకిటలాడిన రేవు. ఇప్పుడు ప్రధాన బజారైన చెర్రీ స్ట్రీట్‌లో సగం కొట్లు మూసి ఉన్నాయి. పాత ఇటుక గోడల మీద వేసిన బొమ్మలు మాత్రం ఎంతసేపైనా చూడొచ్చు.

ఈ ఊళ్లో 1941 నవంబరులో కె.ఎఫ్.ఎఫ్.ఎ. అనే చిన్న వాణిజ్య రేడియో స్టేషన్ మొదలైంది. అమెరికాలో మిసిసిపీకి పడమటి స్టేషన్ల పేర్లు సాధారణంగా కె అక్షరంతో, తూర్పువి డబ్ల్యూతో మొదలవుతాయి. హెలెనా పడమటి ఒడ్డున ఉంది కాబట్టి కె. స్టేషన్ తెరిచిన రోజుల్లోనే ఇద్దరు సంగీతకారులు వచ్చి, మాకు కొంచెం సమయం ఇవ్వండి, పాడుకుంటాం అని అడిగారు. ఒకాయన హార్మోనికా వాయించే సోనీ బాయ్ విలియమ్సన్. అసలు పేరు రైస్ మిల్లర్. షికాగోలో అప్పటికే పేరున్న ఇంకో గాయకుడి పేరు తగిలించుకున్నాడు కాబట్టి చరిత్రలో ఈయన్ని రెండో సోనీ బాయ్ అంటారు. రెండో ఆయన గిటారిస్టు రాబర్ట్ లాక్‌వుడ్.

స్టేషన్ మేనేజరు శామ్ ఆండర్సన్ వాళ్లకి చెప్పింది ఒక్కటే: ముందు స్పాన్సరును తెచ్చుకోండి. ఎవర్ని అడగాలో కూడా ఆయనే చెప్పాడు. ఊళ్లో హోల్‌సేల్ కిరాణా సరుకులమ్మే ఇంటర్‌స్టేట్ గ్రోసర్ కంపెనీ యజమాని మాక్స్ మూర్‌ని. ఆయన దగ్గర 'కింగ్ బిస్కెట్' అనే పిండి ఉంది. అక్కడ బిస్కెట్ అంటే టీలో ముంచుకునేది కాదు, పొద్దున్నే వేడిగా తినే మెత్తటి రొట్టె. ఆ పిండి కొనాల్సింది పొలాల్లో పనిచేసే నల్లజాతి కుటుంబాలు. వాళ్లు భోజనానికి ఇంటికొచ్చే వేళ చూసి మధ్యాహ్నం 12:15 ఖాయం చేశారు. 1941 నవంబర్ 21న 'కింగ్ బిస్కెట్ టైమ్' మొదలైంది. మొదట్లో పావుగంటే.

ఆ పావుగంట ఎంత పెద్ద విషయమో చెప్పాలంటే ఇంకో సంగతి చెప్పాలి. 1919లో ఇదే కౌంటీలో (మన జిల్లా లాంటిది), ఎలైన్ అనే ఊరి దగ్గర, పత్తికి న్యాయమైన ధర కోసం సంఘం పెట్టుకున్న నల్లజాతి కౌలు రైతుల మీద తెల్లవాళ్ల గుంపులు, సైనికులు విరుచుకుపడ్డారు. చనిపోయినవాళ్లు వందల్లో ఉంటారని చరిత్రకారుల అంచనా. హెలెనాలో కోర్టు ఎదుట ఆ మృతుల స్మారకం ఉంది, 2019లో, నూరేళ్ల తర్వాత కట్టారు. అక్కడ నిలబడితే గొంతు పెగల్లేదు. ఆ మారణకాండ జరిగిన ఇరవై రెండేళ్లకి, వేరుగా కూర్చోవడం, వేరుగా నీళ్లు తాగడం ఇంకా చట్టంగా ఉన్న కాలంలో, అదే కౌంటీలో ఇద్దరు నల్లజాతి కళాకారులకి రోజూ మైకు దొరికింది. ఆ మైకు ఇప్పించింది పిండి అమ్మకం. అందువల్ల ఆ మైకు విలువేమీ తగ్గదని నా గట్టి నమ్మకం. కొనేవాడు ఎవరో వ్యాపారికి తెలుసు, వాళ్లకి ఏ గొంతు కావాలో కూడా తెలుసు. కళాకారులకి అందిన డబ్బు పెద్దగా ఏమీ లేదు. అయితే రాత్రికి ఏ ఊళ్లో పాడబోతున్నారో రేడియోలోనే చెప్పుకోవచ్చు. వాళ్ల అసలు సంపాదన ఆ కచేరీల మీదే.

పిండి విపరీతంగా అమ్ముడుపోయింది. కంపెనీ బండిలోనే బృందం ఊరూరా తిరిగి కిరాణా కొట్ల అరుగుల మీద పాడేది. 1947లో 'సోనీ బాయ్' పేరుతోనే మొక్కజొన్న పిండి తెచ్చారు. ఆ పిండి సంచి బొమ్మ చూస్తూ నేను చాలాసేపు ఉండిపోయాను. పెద్ద మొక్కజొన్న పొత్తు మీద సోనీ బాయ్ దర్జాగా కూర్చుని ఉంటాడు. ఆ రోజుల్లో నల్లజాతి మనిషిని సరుకుల మీద వంటవాడిగానో నౌకరుగానో వేసేవారు. ఇతను మాత్రం తన పేరుతో, తానుగా ఉన్నాడు.

నదికి అటువైపు ఇండియనోలా దగ్గర పొలం పనికి వెళ్లే ఒక కుర్రాడు మధ్యాహ్నం ఆగి ఈ కార్యక్రమం వినేవాడు. అతనే తర్వాత బ్లూస్ సంగీతంలో ప్రసిద్ధుడైన గిటారిస్టు బి.బి. కింగ్. 'ది బ్యాండ్' అనే రాక్ బృందం డ్రమ్మరు లెవాన్ హెల్మ్‌ది ఈ కౌంటీయే. చిన్నప్పుడు స్టేషన్‌కొచ్చి సోనీ బాయ్ వాయిస్తుంటే కళ్లారా చూసినవాడు.

సోనీ బాయ్ యూరప్‌లో పేరు తెచ్చుకుని, 1965లో మళ్లీ హెలెనా వచ్చి ఇదే కార్యక్రమంలో వాయించాడు. ఆ మే నెలలో ఒక రోజు వేళవుతున్నా స్టేషన్‌కి రాలేదు. డ్రమ్మరు పెక్ కర్టిస్ వెతుక్కుంటూ ఆయన అద్దె గదికి వెళ్తే, మంచం మీదే ప్రాణం పోయి ఉంది.

కార్యక్రమం మాత్రం ఆగలేదు. 1951 నుంచి 'సన్‌షైన్' సోనీ పేన్ అనే అనౌన్సరు దాన్ని మోశాడు. 1980ల తొలినాళ్లలో కొన్నేళ్లు ఆగినా మళ్లీ మొదలైంది. 1992లో రేడియో, టీవీ కార్యక్రమాలకిచ్చే పీబడీ అవార్డు వచ్చింది. 2018లో, 92 ఏళ్ల వయసులో చనిపోయేదాకా 17 వేలకు పైగా ప్రసారాలు చేశాడు పేన్. ఉద్యోగం అనడానికి నాకు నోరు రావడం లేదు.

ఇప్పుడు ఈ కార్యక్రమం చెర్రీ స్ట్రీట్‌లోని డెల్టా కల్చరల్ సెంటర్ నుంచి నడుస్తోంది. మేం టెన్షన్‌గా పరుగెత్తుకొచ్చినా, పన్నెండుంపావుకి ముందే స్టూడియో దగ్గర నిలబడ్డాం. బిస్కెట్లు ఇటందించండి, కింగ్ బిస్కెట్ టైమ్ అయింది అనే పాత పిలుపు వినపడగానే, అంత దూరమా అన్న బావగారే ముందుకెళ్లి నిలుచున్నారు. ఆ తర్వాత హార్మోనికా మొదలైంది. పెద్ద హంగులేమీ లేవు, ఒక బల్ల, మైకు, పాటలు.

మెంఫిస్‌లో ఉండే మనవాళ్లు బంధువులొస్తే గాయకుడు ఎల్విస్ ప్రెస్లీ ఇల్లు చూపించి సరిపెడతారు. దాంతో పాటు ఒక పూట ఇటు కూడా తీసుకురండి. సోమవారం నుంచి శుక్రవారం లోపు, సెంటర్ తెరిచి ఉండే రోజేదో ముందే కనుక్కుని బయలుదేరండి. శని, ఆదివారాల్లో ఈ ప్రసారం ఉండదు. పన్నెండుకల్లా చేరిపోతే, ఆ తర్వాత కోర్టు దగ్గరి స్మారకానికి నడిచే వెళ్లొచ్చు. పిల్లలుంటే వాళ్లకి రెండూ చూపించండి.