లెక్లెర్ చేతికర్ర: 1/35 షెర్మన్, ఐదో వారం

రెండో ప్రపంచ యుద్ధపు ఫ్రెంచి జనరల్ లెక్లెర్‌ని, ఆయన షెర్మన్ ట్యాంకుని అసలులో 35వ వంతు బొమ్మలుగా కిట్‌తో కడుతున్నాను. ఈ వారం ట్యాంకు ముట్టుకోలేదు. మూడు సాయంత్రాలు ఒక కర్రకే పోయాయి.

ముందు ఇప్పటిదాకా అయిన ట్యాంకు సంగతి. షెర్మన్ ఎం4ఏ2, ఈ కొలతలో 17 సెంటీమీటర్ల లోపే. లెక్లెర్ నడిపిన ఫ్రెంచి 2వ ఆర్మర్డ్ (ట్యాంకుల) డివిజన్‌కి అమెరికావాళ్లు ఎక్కువగా ఇచ్చింది ఈ డీజిల్ రకమే. ఆలివ్ డ్రాబ్ (సైనిక ముదురాకుపచ్చ) రంగు సీసాలో ఉన్నది ఉన్నట్టు పూస్తే బొమ్మ మరీ నల్లబడుతోంది. నాలుగు చుక్కలకు ఒక చుక్క బఫ్ (లేత ఇసుక రంగు) కలిపాను, ఎండ పడే పైభాగాలకు ఇంకో చుక్క. వాన ముసురుకి పూత ఆరడానికి రెండింతల టైము పట్టింది. డివిజన్ గుర్తు డెకాల్ (నీళ్లలో నానబెట్టి అంటించే బొమ్మ), అదే ఫ్రాన్స్ పటం మీద రెండు అడ్డకర్రల లొరైన్ శిలువ, నీళ్లలో వేయగానే మూడు ముక్కలైంది. షీటు పాతది. రెండోదానికి ముందే క్లియర్ వార్నిష్ ఒక పూత కొట్టి, రాత్రంతా ఆరబెట్టి దింపాను, నిలిచింది.

పక్కన పేరు ‘తాయి’. జనరల్ లెక్లెర్ ట్యాంకుకి తన ఇల్లున్న ఊరి పేరే పెట్టుకున్నాడు. మనిషి పేరు మాత్రం మారువేషం. అసలు ఫిలిప్ ద ఓత్‌క్లోక్, 1902లో పుట్టాడు. 1940లో జర్మన్ల చేతికి చిక్కి తప్పించుకుని లండన్ చేరాక, ఫ్రాన్స్‌లో ఉండిపోయిన భార్యాబిడ్డలకు ముప్పు రాకూడదని లెక్లెర్ అయ్యాడు. ఆరుగురు పిల్లలు మరి.

ఇక కర్ర. 1936లో గుర్రం మీంచి పడి లెక్లెర్ కాలు విరిగింది. అప్పటినుంచి చేతికర్ర వదల్లేదు. కిట్‌లో ఇచ్చిన కర్ర రోకలిలా ఉంది. దాదాపు 90 సెంటీమీటర్ల కర్ర అనుకుంటే మనకు 26 మిల్లీమీటర్లు రావాలి, మందం అర మిల్లీమీటరు. ఇత్తడి తీగ సరిపోయింది గానీ వంపు దగ్గర రంగు పెచ్చులూడింది. చివరికి కిట్‌లో భాగాల్ని పట్టి ఉంచే ప్లాస్టిక్ ఫ్రేమ్ ముక్కనే కొవ్వొత్తికి రెండంగుళాల పైన తిప్పుతూ వేడిచేశాను. మెరుపొచ్చి కుంగుతుండగా మంట పక్కకు తీసి, మెల్లగా లాగాలి. తొందరపడితే వెంట్రుకే మిగులుతుంది. ఏడోసారికి కుదిరింది. పిడి వంపుకి సూది చుట్టూ తిప్పాను.

కర్ర చేతికి రాగానే బొమ్మ నిలబడే తీరు తప్పని తెలిసింది! కిట్‌లో మనిషి పెరేడ్‌లో ఉన్నట్టు నిటారుగా ఉన్నాడు. కుంటే మనిషి అలా నిలబడడు. మోకాలి దగ్గర కోసి, పుట్టీ నింపి, బరువు కర్ర మీదికి వంచాను. ఇప్పుడు అతనే.

ఈ కాలితోనే 1941 మార్చిలో లిబియాలోని కుఫ్రా గెలిచి, జర్మన్ల చేతిలో ఉన్న స్ట్రాస్‌బూర్ చర్చి మీద ఫ్రెంచి జెండా ఎగిరేదాకా ఆయుధం దించబోమని తన మనుషులతో ప్రమాణం చేయించాడు. 1944 ఆగస్టు 25న పారిస్‌లో జర్మన్ దళాల లొంగుబాటు తీసుకున్నాడు, నవంబరు 23న స్ట్రాస్‌బూర్ చేరాడు. దానికి ముందురోజే 42 నిండాయి. మూడేళ్లకు అల్జీరియాలో కొలోం బెషార్ దగ్గర విమానం కూలి పోయాడు. మార్షల్ హోదా 1952లో, మరణానంతరం.

పీఠం మొదలుపెట్టలేదు. పుట్టీ ఇంకా మెత్తగానే ఉంది, రేపు 600 నంబరు గరుకు కాగితంతో రుద్దాలి.