పేతురు నిప్పులు: ఏడోసారీ ఊదా రంగే

నిన్న తెల్లవారుజామున నరసాపురం దగ్గర వశిష్ఠ గోదావరి ఒడ్డున నా చిన్న ఫిల్మ్ కోసం తీసిన నిప్పుల షాట్‌ని ఇంటికొచ్చి పెద్ద తెర మీద చూస్తే ఏడుపొచ్చినంత పనైంది. నిప్పులు మళ్లీ ఊదానే.

ఈ ఆరు నిమిషాల ఫిల్మ్‌కి ఆ షాటే ప్రాణం. యోహాను సువార్త 18వ అధ్యాయంలో పేతురు నిప్పుల దగ్గర చలి కాచుకుంటూ యేసు శిష్యుణ్ణి కానని మూడుసార్లు బొంకుతాడు. 21వ అధ్యాయంలో తెల్లవారేసరికి ఒడ్డున నిప్పుల మీద చేపలు కాలుతుంటాయి, తిన్నాక నన్ను ప్రేమిస్తున్నావా అని యేసు పేతురుని మూడుసార్లు అడుగుతాడు. గ్రీకులో రెండు చోట్లా ఒకటే మాట, అంత్రకియా, అంటే బొగ్గుల నిప్పు. కొత్త నిబంధనలో ఇంకెక్కడా రాదు. అందుకే మాటల్లేకుండా ఆ రాత్రి నిప్పులే తెల్లవారి నిప్పులుగా మారాలి. రంగు తేడా వస్తే పేతురుకి దొరికిన క్షమాపణ కనిపించదు, రెండు కుంపట్లు కనిపిస్తాయి.

కెమెరా సెట్టింగులు ఐఎస్ఓ 800, 1/50, ఎఫ్ 2.8, నిప్పులకీ లెన్స్‌కీ 40 సెంటీమీటర్లు. కంటికి నారింజ, కెమెరాలో వంకాయ రంగు. కొబ్బరి చిప్పల బొగ్గు తీసేసి సరుగుడు బొగ్గు వేశాను, తేడా లేదు. వైట్ బ్యాలెన్స్ (కెమెరా రంగుల్ని సరిచేసుకునే సెట్టింగ్) 3200 నుంచి 4500కి పెంచితే నిప్పులు కాస్త దారికొచ్చాయి గానీ పేతురుగా వేస్తున్న మావయ్య మొహం పసుపు పూసినట్టయింది. లెన్స్ రంధ్రం చిన్నది చేసి ఎఫ్ 5.6కి వెళ్తే చీకట్లో మొహమే లేదు. "నిప్పులు ఎర్రగానే ఉన్నాయి కదరా, నీ పెట్టెలోనే ఉంది తేడా" అన్నాడాయన. నిజమే. చీకట్లో టీవీ రిమోట్ నొక్కి చూస్తే దాని బల్బు తెర మీద ఊదాగా వెలిగింది. కంటికి కనపడని ఇన్‌ఫ్రారెడ్ కాంతి కెమెరా సెన్సార్ దాకా వచ్చేస్తోంది, నిప్పుల్లో ఉండేది ఎక్కువగా అదే, నీలం పిక్సెల్స్ కూడా దాన్ని పట్టుకోవడంతో ఎరుపుకి నీలం కలిసి ఊదా అవుతోంది. తెల్లవారు షాట్‌కి బిగించిన వేరియబుల్ ఎన్‌డీ (లెన్స్ ముందు వెలుతురు తగ్గించే ఫిల్టర్) ఇంకా చెడగొట్టింది: మామూలు వెలుతురుని ఆపి ఇన్‌ఫ్రారెడ్‌ని వదిలేస్తోంది. తీసేస్తే సగం తగ్గింది. నిప్పు షాట్లకి చవక వేరియబుల్ ఎన్‌డీ పెట్టనే వద్దు. రంగులు దిద్దే సాఫ్ట్‌వేర్ రిజాల్వ్‌లో ఊదాని నారింజకి తిప్పి చూశాను (ఉచితంగా వచ్చేదే చాలు), పొగ అంచులు బురదగా అయ్యాయి.

పేతురు బొంకగానే వినిపించాల్సిన కోడి కూత మాత్రం ఒక్క టేక్‌లో దొరికింది.

ఇన్‌ఫ్రారెడ్‌ని ఆపే ఐఆర్ కట్ ఫిల్టర్ ఆర్డర్ పెట్టాను. ఇక్కడ గోదావరికి పోటు, పాటు ఉంటాయి కాబట్టి నీటి మట్టం కలవాలంటే ఇంకో పదిహేను రోజులు ఆగాలి. ఈసారి రెండు షాట్లకీ ఒకే కుంపటి, రాత్రంతా ఆరనివ్వకుండా. మావయ్య ఆ రోజు వలకి వెళ్లనన్నాడు.