క్రయ ఒప్పందం అమలు దావా: నా అనుభవం

2014 ఏప్రిల్‌లో మంగళగిరికి దగ్గరలోని ఒక పల్లెలో ఎకరా ఇరవై సెంట్ల మాగాణికి నేను క్రయ ఒప్పందం రాయించుకున్నాను. మొత్తం వెల 36 లక్షలు. బయానాగా 8 లక్షలు ఇచ్చాను, మిగిలిన 28 లక్షలు ఆరు నెలల్లో చెల్లించి రిజిస్ట్రేషన్ చేయించుకోవాలన్నది షరతు. సెప్టెంబరులో రాజధాని విజయవాడ పరిసరాల్లోనే వస్తుందని శాసనసభలో ప్రకటన వెలువడింది. అప్పటి నుంచి అమ్మకందారు ఫోను ఎత్తడం మానేశారు.

గడువు దాటకముందే రిజిస్టర్డ్ పోస్టులో నోటీసు ఇప్పించాను. పాతకాలంలో ఇలాంటప్పుడు టెలిగ్రాం కొట్టేవారట గాని, అది 2013లోనే మూతపడింది. ఒప్పందంలో తేదీ ఉంటే, దాన్ని అమలు చేయించమని ఆ తేదీ నుంచి మూడేళ్లలోపు దావా వేయవచ్చు. అయినా అంతకాలం ఆగితే, భూమి ధర పెరిగేదాకా కూర్చుని ఇప్పుడు వచ్చాడని అవతలివారు వాదిస్తారని వకీలుగారు హెచ్చరించారు. 2015 మొదట్లోనే దావా దాఖలు చేశాం. కోర్టు ఫీజు బాకీ ఉన్న 28 లక్షల మీద కాక ఒప్పందంలోని పూర్తి వెల మీద కట్టాలని అప్పుడే తెలిసింది. స్వాధీనం ఇప్పించాలని, అమలు కుదరని పక్షంలో బయానా వడ్డీతో ఇప్పించాలని కూడా వకీలుగారు దావాలో చేర్చారు. అడగని ఉపశమనాన్ని కోర్టు తనంతట తాను ఇవ్వదు.

మొదటి దెబ్బ ఒప్పందం కాగితం నుంచే తగిలింది. దస్తావేజు రాసినాయన అలవాటు చొప్పున "ఈ దినమే భూమిని మీకు స్వాధీనం చేసినాము" అని ఒక వాక్యం రాశారు. నిజానికి ఆ పొలంలో నేను ఒక్క రోజు కూడా నాగలి కట్టలేదు, సాగంతా అమ్మకందారుదే. కాని స్వాధీనంతో కూడిన ఒప్పందానికి మన రాష్ట్రంలో విక్రయ దస్తావేజుకు పడినంత స్టాంపు సుంకం పడుతుంది, కోర్టు చూసేది కాగితంలో ఉన్న మాటనే. ఒప్పందాన్ని కోర్టు సాక్ష్యంగా తీసుకునే ముందు, దానికి స్టాంపు సుంకం చాలలేదని ప్రతివాది వకీలు అభ్యంతరం చెప్పారు. అక్కడికక్కడే కడితే తక్కువ పడిన సుంకంతో పాటు దానికి పదింతలు జరిమానా. అందుకని పత్రాన్ని జిల్లా రిజిస్ట్రారుకు పంపమని కోరాం. జరిమానా తక్కువే పడింది, కాని ఏడాది గడిచిపోయింది.

అసలు పరీక్ష క్రాస్ ఎగ్జామినేషన్‌లో ఎదురైంది. మాట తప్పింది అమ్మకందారు కదా, ఆయనను కదా నిలదీయాలి అని నేను అనుకుంటూ వచ్చాను. ఈ దావాలో బోనెక్కి తన సంగతి రుజువు చేసుకోవలసింది కొనుగోలుదారు. డబ్బు సిద్ధంగా ఉందా, కొనాలన్న సంకల్పం చివరిదాకా నిలిచిందా అన్న రెండూ నేనే చూపించాలి. "2014 అక్టోబరులో మీ ఖాతాలో ఎంత ఉంది?" అని ప్రతివాది వకీలు అడిగారు. ఆరు లక్షలన్నాను. 28 లక్షలు ఎక్కడివని రెండో ప్రశ్న. నోట్ల కట్టలు చేతిలో ఉండనక్కరలేదని, సమకూర్చుకోగల స్తోమత చూపితే చాలని చట్టం ఒప్పుకుంటుంది గాని నోటిమాట చెల్లదు. నా భార్య పేరిట ఉన్న 12 లక్షల డిపాజిట్ రసీదులు, తక్కిన 10 లక్షలు ఇస్తానన్న మా బావమరిది పాసు పుస్తకం, ఆయన సాక్ష్యం కలిస్తే గాని లెక్క కుదరలేదు. నోటీసు తప్ప ఇంకేమీ దాచుకోని వారి దావాలు ఇక్కడే వీగిపోవడం కోర్టు వరండాలో నేను చూశాను.

2019లో నాకు అనుకూలంగా డిక్రీ వచ్చింది, మిగిలిన సొమ్ము రెండు నెలల్లో కోర్టులో జమ చేయమన్నారు. డిపాజిట్లు అప్పటికే అమ్మాయి పెళ్లికి ఖర్చయ్యాయి. గడువు తప్పితే ఒప్పందం రద్దు చేయమని ప్రతివాదే కోరవచ్చు కనుక, ఇల్లు తాకట్టు పెట్టి గడువుకు నాలుగు రోజుల ముందు చలానా కట్టాను. వారు అప్పీలుకు వెళ్లారు గాని స్టే రాలేదు.

అయినా అమ్మకందారు సంతకానికి రాలేదు. డిక్రీ అమలు చేయించమని వేసిన పిటిషన్‌లో విక్రయ దస్తావేజు ముసాయిదా మేమే దాఖలు చేశాం, అభ్యంతరాలకు ఆయనకు నకలు పంపారు, కరోనా వల్ల వాయిదాలు సాగాయి, చివరకు 2021లో ఆయన తరఫున కోర్టే సంతకం చేసి రిజిస్టరు చేయించింది. ముందు కట్టిన స్టాంపు సుంకాన్ని అందులో మినహాయించారు. మరుసటి వేసవిలో, కోతలయ్యాక, కోర్టు అమీనా సర్వేయరుతో వచ్చి హద్దురాళ్లు చూపించి, భూమి నాకు స్వాధీనమైనట్టు గట్టు మీదే కాగితం రాసి నా చేత సంతకం చేయించుకున్నారు.